ఘోస్ట్ మాత్ శాస్త్రీయ నామం తప్పుల్లేకుండా రాయడం ఎలా?

మాత్‌ల (సీతాకోకచిలుకల్లాంటి రెక్కల పురుగుల) ఫొటోలు తీసే స్నేహితులు, జువాలజీ ప్రాజెక్టు చేసే పిల్లలు, తెలుగులో పురుగుల గురించి రాయాలనుకునేవాళ్ళు నన్ను అడిగేది ఒకటే ప్రశ్న. శాస్త్రీయ నామం చివర, ఆ పేరు పెట్టిన శాస్త్రవేత్తనీ సంవత్సరాన్నీ చెప్పే లిన్నేయస్, 1758 అన్నది ఒకచోట బ్రాకెట్‌లో ఉంది, ఇంకోచోట బ్రాకెట్ లేదు, ఏది రైటు అని. ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పడం కన్నా మొత్తం ఒకచోట రాసి పెడితే మంచిదని ఇది మొదలుపెట్టాను.

ఉదాహరణకి ఘోస్ట్ మాత్‌ని తీసుకుంటున్నా. పేర్లలో వచ్చే చిక్కులు దాదాపు అన్నీ ఈ ఒక్క పురుగులోనూ దాని చుట్టాల్లోనూ దొరుకుతాయి. ఇది మన ఊళ్ళలో కనబడేది కాదు, యూరప్ గడ్డి మైదానాలది. బ్రిటన్‌లో ఉంటున్న మనవాళ్ళయితే జూన్, జూలై నెలల్లో పొద్దు వాలాక పొడుగు గడ్డి ఉన్న చోటికి వెళ్ళి చూడొచ్చు. తెల్లటి మగ పురుగులు గడ్డి మీద ఒకేచోట గాల్లో వేలాడుతూ, దారానికి కట్టినట్టు అటూ ఇటూ ఊగుతుంటాయి. ఆ మసక వెలుతురులో తెల్లగా ఊగే ఆకారాలను చూసే దానికి దెయ్యం పేరు పెట్టారు. మగవి అలా ఊగేది ఆడవాటిని పిలవడానికి.

తెలుగులో చిమ్మట అని రాసేస్తే సరిపోదా అంటారు కొందరు. సరిపోదు. చిమ్మట అంటే ఒకరికి బట్టలు కొరికే పురుగు, ఇంకొకరికి రాత్రంతా అరిచే కీచురాయి. వ్యవసాయం వాళ్ళయితే రెక్కల పురుగు అంటారు, అది ఏ మాత్‌కైనా వర్తిస్తుంది. అందుకే శాస్త్రీయ నామం కావాలి, అది కూడా కామాతో సహా సరిగ్గా ఉండాలి.

కావలసినవి

ఫొటో తీసిన తేదీ, చోటు. ఇవి లేకుండా పేరు జోలికి వెళ్ళకండి.

ఇంటర్నెట్. ప్రస్తుతం చెల్లే పేరు చూడటానికి గ్లోబల్ బయోడైవర్సిటీ ఇన్ఫర్మేషన్ ఫెసిలిటీ, అంటే అందరూ జీబీఐఎఫ్ అనేది. పాత పుస్తకాల అసలు పేజీలు చూడటానికి బయోడైవర్సిటీ హెరిటేజ్ లైబ్రరీ. మన దేశపు మాత్‌లకైతే మాత్స్ ఆఫ్ ఇండియా వెబ్‌సైట్. మూడూ ఉచితమే.

ఒక నోట్‌బుక్, అందులో ఐదు గడులు గీసుకోండి: ప్రజాతి (దగ్గరి చుట్టాలైన జాతుల గుంపు), జాతి, పేరు పెట్టినవారు, సంవత్సరం, ఐదోది "మొదట ఏ ప్రజాతిలో పెట్టారు". మొదటి నాలుగూ ఎవరైనా నింపుతారు. ఐదోదే అందరూ వదిలేసేది, బ్రాకెట్ గొడవంతా అక్కడే తేలుతుంది.

1. ముందు పురుగు అదేనా అని చూసుకోండి

పేరు ఎంత బాగా రాసినా పురుగు వేరేదైతే లాభం లేదు. ఘోస్ట్ మాత్‌లో మగది వెండి తెలుపు, ఆడది పసుపు, దాని మీద నారింజ రంగు గీతలు, సైజులో కూడా మగదాని కన్నా పెద్దది. రెండూ పక్కపక్కన పెడితే రెండు వేర్వేరు జాతులనే అనిపిస్తుంది, కొత్తవాళ్ళు అలాగే రెండు పేర్లు వెతికేస్తుంటారు. స్కాట్లండ్‌కి ఉత్తరాన షెట్లండ్ దీవుల్లో ఇంకో తిరకాసు ఉంది. అక్కడ మగవాటిలో చాలా వరకు ఆడవాటిలా రంగుతో ఉంటాయి. కాబట్టి తెల్లగా లేదు గనక ఇది ఘోస్ట్ మాత్ కాదు అని కొట్టిపారేయకండి, ఫొటో ఎక్కడిదో చూడండి.

ఘోస్ట్ మాత్ కుటుంబం పేరు హెపియాలిడే, ఇందులోని మిగతా మాత్‌లను కూడా మామూలుగా ఘోస్ట్ మాత్‌లనే పిలుస్తారు. మీసాలు (అంటే స్పర్శశృంగాలు) బాగా పొట్టిగా ఉంటాయి, ముందు రెక్క, వెనక రెక్క ఇంచుమించు ఒకే తీరులో ఉంటాయి, రెక్కలొచ్చిన పురుగుకి తినడానికి పనికొచ్చే నోరు ఉండదు. ఇంతవరకే ఖాయమైతే "హెపియాలిడే కుటుంబం" అని రాసి ఆగిపోండి. మొబైల్ యాప్ చెప్పిన పేరును పరీక్షించకుండా రాసేయడం కన్నా అది ఎంతో నయం. యాప్ ఇచ్చేది సూచన మాత్రమే, మీ ఫొటోలో కనబడే లక్షణాలతో దాన్ని పోల్చాల్సింది మీరే.

2. రెండు మాటలూ విడదీసి నోట్‌బుక్‌లో రాయండి

హెపియాలస్ హ్యుములి. మొదటిది ప్రజాతి, రెండోది జాతి. రెండో మాట ఒక్కటే రాస్తే దాన్ని పేరు అనరు, రెండూ కలిస్తేనే పేరు.

అర్థం తెలిస్తే స్పెల్లింగ్ గుర్తుంటుంది కాబట్టి క్లుప్తంగా చెప్తా. హెపియాలస్ వెనకున్న గ్రీకు మాటకు చలిజ్వరం అని అర్థం, ఆ పురుగు ఊగుతూ వణుకుతూ ఎగిరే తీరు ఒక్కసారి చూసినవాళ్ళకు ఆ మాట మరి మరుపుకి రాదు. హ్యుములి అంటే "హ్యుములస్ యొక్క", అంటే హాప్ మొక్కకు సంబంధించినది అని. బీరు తయారీలో వాడే హాప్ తీగ వేళ్ళను దీని గొంగళి పురుగు తింటుంది. నిజానికి గడ్డి వేళ్ళు, ఇంకా చాలా మొక్కల వేళ్ళు కూడా తింటుంది, రెండు మూడేళ్ళు నేలలోనే గడుపుతుంది. పేరు హాప్‌ది గనక అది హాప్ మాత్రమే తింటుందని రాయకండి.

3. పేరు పెట్టిందెవరో, ఎప్పుడో రాయండి

జీబీఐఎఫ్‌లో పేరు కొడితే పక్కనే వస్తుంది: లిన్నేయస్, 1758. ఆ ఏడు వచ్చిన లిన్నేయస్ పుస్తకం సిస్టమా నాచురే పదో కూర్పు నుంచే జంతువుల పేర్ల లెక్క మొదలవుతుందని అంతర్జాతీయ నియమావళి చెబుతుంది. పేరు, కామా, సంవత్సరం, ఆ వరసలోనే రాయండి.

ఇక్కడ ఒక జాగ్రత్త. ప్రజాతికి కూడా వేరే కర్త (అంటే పేరు పెట్టినవారు), వేరే సంవత్సరం ఉంటాయి. హెపియాలస్ అనే ప్రజాతిని పెట్టింది ఫాబ్రిషియస్ అనే శాస్త్రవేత్త, 1775లో. హ్యుములి అనే జాతి పేరు లిన్నేయస్‌ది. ఈ రెండింటినీ కలిపేసి "హెపియాలస్ హ్యుములి ఫాబ్రిషియస్, 1775" అని రాసినవి నేను ప్రాజెక్టు రికార్డుల్లో చాలా చూశాను. జాతి పేరు వెనక జాతి పేరు పెట్టినవారే రావాలి.

4. ఐదో గడి నింపండి, బ్రాకెట్ తేల్చండి

నేను కూడా చాలా ఏళ్ళు బ్రాకెట్‌ని అలంకారం అనుకుని ఇష్టమొచ్చినప్పుడు పెట్టాను, ఇష్టం లేనప్పుడు తీసేశాను. ఒక పాత పుస్తకం పేజీ తెరిచి చూశాకే దాని పని అర్థమైంది. అందుకే మీరు కూడా ఆ పేజీని ఒక్కసారైనా స్వయంగా చూడండి అని చెప్తున్నా.

హెరిటేజ్ లైబ్రరీలో సిస్టమా నాచురే పదో కూర్పు తెరవండి. అందులో హ్యుములి ఉంటుంది కానీ హెపియాలస్ కింద ఉండదు, ఫలేనా అనే ప్రజాతి కింద ఉంటుంది. లిన్నేయస్ హాక్ మాత్‌లను, ఇంకొన్నింటిని పక్కన పెట్టి మిగతా మాత్‌లన్నింటినీ ఫలేనా అనే ఒక్క గంపలో వేసి, దాన్ని బాంబిక్స్, నాక్టువా, జియోమెట్రా లాంటి చిన్న విభాగాలుగా చేశాడు. మన పురుగు నాక్టువాలో ఉంది. తర్వాత దాన్ని అక్కడి నుంచి తీసి హెపియాలస్‌లో పెట్టారు.

నియమం ఇంతే. మొదట పెట్టిన ప్రజాతిలోనే ఇప్పటికీ ఉంటే బ్రాకెట్ లేదు. ప్రజాతి మారితే కర్త పేరు, సంవత్సరం రెండూ కలిపి బ్రాకెట్‌లోకి వెళ్తాయి. కాబట్టి:

హెపియాలస్ హ్యుములి (లిన్నేయస్, 1758)

లిన్నేయస్ పేరు మాత్రం బ్రాకెట్‌లో పెట్టి సంవత్సరాన్ని బయట వదిలేయకండి. ప్రజాతి మార్చినవారి పేరు జంతువుల విషయంలో రాయనవసరం లేదు.

పాత పుస్తకం తెరిచే ఓపిక లేనప్పుడు నేను వాడే చిట్కా ఒకటుంది. ప్రజాతి పుట్టిన సంవత్సరం, జాతి పేరు పెట్టిన సంవత్సరం పక్కపక్కన పెట్టి చూడండి. హెపియాలస్ 1775, హ్యుములి 1758. జాతికి పేరు పెట్టేనాటికి ఆ ప్రజాతి పుట్టనే లేదు, మరి అందులో ఎలా పెడతారు? కాబట్టి బ్రాకెట్ తప్పనిసరి. దీని చుట్టం కామన్ స్విఫ్ట్ అనే మాత్‌కి చూడండి, కోర్షెల్టెల్లస్ అనే ప్రజాతి 1920లో వచ్చింది, జాతి పేరు లిన్నేయస్ 1758లో పెట్టాడు, బ్రాకెట్ ఉండాల్సిందే. ఈ చిట్కా ఒకవైపే పనిచేస్తుంది, అది గుర్తుంచుకోండి. ప్రజాతి ముందే ఉన్నంత మాత్రాన బ్రాకెట్ అక్కర్లేదని అర్థం కాదు, జాతిని ఇంకో ప్రజాతి నుంచి తెచ్చి ఉండొచ్చు. అప్పుడు అసలు పేజీ చూడాల్సిందే.

బ్రాకెట్ లేని ఉదాహరణ కావాలంటే ఆస్ట్రేలియా ఘోస్ట్ మాత్ జెలోటిపియా స్టేసియై స్కాట్, 1869. ప్రజాతి, జాతి రెండూ స్కాట్ పెట్టినవే, అదే ఏడు, పురుగు అక్కడే ఉంది.

రెండు హెచ్చరికలు. పాత పుస్తకంలో "ఫలేనా నాక్టువా హ్యుములి" అని మూడు మాటలు చూసి ఇదేదో ఉపజాతి (జాతిలోనే ఒక ప్రాంతపు రకం) అనుకోకండి, మధ్యదాని పని విభాగం చెప్పడమే. అసలైన ఉపజాతిలో మూడో మాట చివర వస్తుంది, షెట్లండ్ పురుగుని అలాగే రాస్తారు: హెపియాలస్ హ్యుములి థులెన్సిస్ న్యూమన్, 1865. ఇక్కడ లిన్నేయస్ కనబడడు, ఎందుకంటే థులెన్సిస్ అనే మాట న్యూమన్‌ది. రెండోది, ప్రజాతికీ జాతికీ మధ్యలో బ్రాకెట్ కనబడితే అందులో ఉన్నది ఉపప్రజాతి పేరు, దానికీ కర్త బ్రాకెట్‌కీ సంబంధం లేదు.

5. చివరి అక్షరాలు సరిచూడండి

హ్యుములి లాంటి "యొక్క" అర్థం వచ్చే మాటలు ప్రజాతి మారినా మారవు. కానీ విశేషణంలా ఉన్న పేర్లు లాటిన్ వ్యాకరణం ప్రకారం ప్రజాతి లింగాన్ని అనుసరించాలి. కామన్ స్విఫ్ట్ సంగతి చూడండి, ఒకచోట కోర్షెల్టెల్లస్ లుపులైనా అని, ఇంకోచోట కోర్షెల్టెల్లస్ లుపులైనస్ అని కనబడుతుంది. రెండు పురుగులా? కాదు, ఒకటే. ప్రజాతి పుంలింగం కాబట్టి లుపులైనస్ అని కొందరు, లిన్నేయస్ మొదట ఎలా రాశాడో అలాగే ఉంచుతాం అని ఇంకొందరు. మాత్‌లు, సీతాకోకచిలుకల మీద పనిచేసేవాళ్ళలో రెండోవైపు వాళ్ళు ఎక్కువ. నా మాట అడిగితే, మీరు అనుసరించే జాబితా ఏదో ఒకటి ఖాయం చేసుకుని మొదటి నుంచి చివరిదాకా దాన్నే పాటించండి. ఒకే వ్యాసంలో రెండు రకాలూ రాస్తే మాత్రం చదివేవాళ్ళు రెండు జాతులనే అనుకుంటారు.

హాప్ మొక్క శాస్త్రీయ నామం హ్యుములస్ లుపులస్. దాని మొదటి మాట నుంచి ఒక మాత్‌కి హ్యుములి, రెండో మాట నుంచి ఇంకో మాత్‌కి లుపులైనా. ఈ జత గమనించినరోజు నాకెంత సంతోషం వేసిందో చెప్పలేను.

6. ఇప్పుడు రాయండి

ఇక్కడ నేను అన్నీ తెలుగు లిపిలోనే రాస్తున్నా గానీ, మీరు ఇంగ్లీషు అక్షరాల్లో రాసేటప్పుడు ప్రజాతి మొదటి అక్షరం పెద్దది, జాతి మొత్తం చిన్న అక్షరాలు, రెండు మాటలూ ఇటాలిక్స్‌లో ఉండాలి. కర్త, సంవత్సరం మామూలుగా నిలువు అక్షరాల్లో. కుటుంబం పేరు హెపియాలిడే కూడా మామూలుగానే. చేత్తో రాస్తే రెండు మాటల కింద విడివిడిగా గీత గీయాలి, ఒకే పొడుగు గీత కాదు. వాట్సాప్‌లో అయితే పేరుకి ముందూ వెనకా అండర్‌స్కోర్ పెట్టండి, ఇటాలిక్స్ అవుతుంది.

తెలుగు లిపిలో పెద్ద అక్షరాలు లేవు, ఇటాలిక్స్ పెడితే చాలా ఫాంట్లలో ఒత్తులు చెదిరిపోతాయి, అందుకని మామూలుగా రాసేయండి. కామా, బ్రాకెట్ మాత్రం తెలుగులో కూడా ఉండాలి. హ్యుములి అంటారా హుములి అంటారా అని వాదన పెట్టుకోకుండా ఒకటి ఎంచుకోండి. వీలైతే మొదటిసారి ఇంగ్లీషు అక్షరాల్లో కూడా పేరు ఇవ్వండి, వెతుక్కునేవాళ్ళకు అదే దారి.

రెండోసారి నుంచి హెచ్. హ్యుములి అని పొట్టిగా రాయొచ్చు. కానీ అదే పేరాలో హాప్ మొక్క కూడా ఉంటే హెచ్. అన్నది హెపియాలసా, హ్యుములసా? అలాంటిచోట పూర్తి పేరే రాయండి.

కర్త పేరు మీద ఇంకా సందేహం తీరకపోతే? పేరు మాత్రం రాసి కర్త, సంవత్సరం వదిలేయండి, అది తప్పు కాదు. కర్త పేరు శాస్త్రీయ నామంలో భాగం కాదని నియమావళే చెబుతుంది. తప్పు బ్రాకెట్‌తో రాయడం కన్నా అసలు రాయకపోవడం మేలు.

7. సరిచూసుకోవడం

జీబీఐఎఫ్‌లో మీ పేరు పక్కన అంగీకరించిన పేరు అని ఉందా, పర్యాయపదం (అదే పురుగుకి ఉన్న, ఇప్పుడు వాడని పేరు) అని ఉందా చూడండి. పాత బ్రిటిష్ పుస్తకాల్లో హెపియాలస్ కింద చాలా స్విఫ్ట్ మాత్‌లు ఉండేవి, ఇప్పుడు వాటిని వేరే ప్రజాతుల్లోకి పంపేశారు. గోల్డ్ స్విఫ్ట్ ఇప్పుడు ఫైమాటోపస్ హెక్టా (లిన్నేయస్, 1758). న్యూజీలాండ్‌లో పచ్చటి పురిరి మాత్‌ని డబుల్‌డే 1843లో హెపియాలస్ విరెసెన్స్ అన్నాడు, ఇప్పుడది ఈనెటస్ విరెసెన్స్ (డబుల్‌డే, 1843). పాత పుస్తకం చూసి దించుకున్న పేరుకి ఈ పరీక్ష తప్పకుండా పెట్టండి.

వెతికినప్పుడు వచ్చింది జంతువేనా అని కూడా చూడండి. ఆరెంజ్ స్విఫ్ట్ పేరు ట్రయోడియా సిల్వినా (లిన్నేయస్, 1761). ట్రయోడియా అని ఒక్క మాట కొడితే ఆస్ట్రేలియా ఎడారిలో పెరిగే ముళ్ళగడ్డి ఫొటోలు వస్తాయి. జంతువుల నియమావళి వేరు, మొక్కల నియమావళి వేరు, ఒకే మాట రెండు వైపులా ఉండొచ్చు.

అసలు ఎక్కువ పొరపాట్లు జరిగేది కీడా జడీ దగ్గర. ఉత్తరాఖండ్ కొండల్లో ఏరి అమ్మే కీడా జడీ, టిబెట్ వాళ్ళు యార్సా గుంబూ అనేది, హిమాలయాల ఘోస్ట్ మాత్ గొంగళి పురుగులో పెరిగే బూజు జాతి. పురుగుకి ఒక పేరు, బూజుకి ఇంకో పేరు. పురుగుల్లో ఒకటి థిటారోడెస్ ఆర్మోరికానస్ (ఓబర్‌థ్యూర్, 1909). బూజు ఒఫియోకార్డిసెప్స్ సైనెన్సిస్. ఆ రెండో పేరు పెట్టి ఇది మాత్ అని రాసినవి చూశాను, దయచేసి అలా చేయకండి. బూజులకు మొక్కల నియమావళే వర్తిస్తుంది, అక్కడ బ్రాకెట్‌లో మొదట పేరు పెట్టిన బర్క్‌లీ, బయట 2007లో ప్రజాతి మార్చినవాళ్ళు వస్తారు, సంవత్సరం సాధారణంగా రాయరు. జంతువుల పద్ధతిని అక్కడ వాడకండి, అక్కడి పద్ధతిని ఇక్కడికి తేకండి.

మీరే చేసి చూడండి

ఇప్పుడు మన దక్షిణ భారతదేశపు ఘోస్ట్ మాత్‌తో ఒకటి చేద్దాం. పడమటి కనుమల్లో టేకు మొక్కల కాండం తొలిచే పురుగు. లేత మొక్కలో రంధ్రం చేసి, పట్టుదారంతో చెక్కపొట్టు అల్లి ఆ రంధ్రానికి మూత వేసుకుంటుంది, ఆ మూత చూసే దాన్ని పట్టుకోవచ్చు. మూర్ అనే శాస్త్రవేత్త 1879లో దానికి ఫాసస్ మలబారికస్ అని పేరు పెట్టాడు. టిండేల్ 1941లో సహ్యాద్రి పేరు కలిసేలా సహ్యాడ్రాసస్ అనే కొత్త ప్రజాతి చేసి అందులోకి మార్చాడు.

నోట్‌బుక్ తీయండి. ప్రజాతి సహ్యాడ్రాసస్, జాతి మలబారికస్, పేరు పెట్టినవారు మూర్, సంవత్సరం 1879, మొదట పెట్టిన ప్రజాతి ఫాసస్. ఒకటో గడి, ఐదో గడి వేరుగా ఉన్నాయి. సంవత్సరాల చిట్కా కూడా వేయండి, 1941 కన్నా 1879 ముందు. రెండూ ఒకే మాట చెబుతున్నాయి:

సహ్యాడ్రాసస్ మలబారికస్ (మూర్, 1879)

టిండేల్ పేరు ఇందులో రాలేదు, రానక్కర్లేదు. ఇక ఏడో మెట్టు ప్రకారం జీబీఐఎఫ్‌లో ఈ పేరు కొట్టి, ఇప్పటికీ ఇదే ప్రజాతిలో ఉంచారేమో చూసి, అప్పుడు మీ ఫొటో కింద పెట్టండి.